కాలాన్ని నిలిపే గిన్నెను కథలో ప్రతిష్ఠించే పద్ధతి

కాలాన్ని అదుపు చేసే పవిత్ర వస్తువు చుట్టూ ఒక కల్పిత లోకం కట్టాలనుకునేవాళ్లకి నేను మొదట చెప్పే మాట ఇది: ఆ వస్తువు ఏమేం చేయగలదో రాసుకునే ముందు, దాన్ని రోజూ ఎవరు తోముతారో రాసుకోండి. ఎప్పుడు తోముతారు, దేనితో తోముతారు, వాళ్లకి జ్వరం వస్తే ఆ రోజు వంతు ఎవరిది, ఇవి కూడా రాసుకోండి. శక్తులు ఎన్నైనా ఊహించవచ్చు. కానీ ఒక వస్తువు కోసం చీకటితో నిద్రలేచే మనుషులు కనిపించినప్పుడే చదివేవాళ్లకి దానిమీద భక్తి పుడుతుంది.

నేను తిరుపతిలో ఉంటాను. పంచాంగాలకి ప్రూఫులు చూడటం నా పని. తిథి ఎప్పుడు మారుతుంది, వర్జ్యం ఎప్పుడు మొదలవుతుంది, దుర్ముహూర్తం ఎంతసేపు, ఈ అంకెల మధ్యే నా రోజు గడుస్తుంది. ఆదివారాలు మా వీధి పిల్లలు మా వరండాలో చేరతారు. అందరం కలిసి తొమ్మిదికోనల నాడు అనే లోకాన్ని కడుతున్నాం. ఆ లోకంలో కాలాన్ని నడిపేది ఒక రాగి గిన్నె. పేరు మునకగిన్నె. ఇక్కడ చెప్పేదంతా ఆ గిన్నెను కట్టేటప్పుడు కుదిరిన పద్ధతి. మీ లోకంలో అది దీపం కావచ్చు, గంట కావచ్చు, తాళంచెవి కావచ్చు. పద్ధతి మాత్రం ఒకటే.

ముందు ఒక్క పని అప్పగించండి

కాలాన్ని ఆపడం, వెనక్కి తిప్పడం, ముందుకు తోయడం, ఒకరికి ఒకలా ఇంకొకరికి ఇంకోలా నడిపించడం, జరగబోయేది చూపించడం. ఇవన్నీ వేరువేరు పనులు. మీ వస్తువుకి వీటిలో ఒక్కటే ఇవ్వండి. కొత్తగా రాసేవాళ్లు వెనక్కి తిప్పే పని జోలికి పోకపోవడమే మంచిదని నా గట్టి అభిప్రాయం. వెనక్కి తిప్పగలిగితే పోయిన ప్రాణం, తెగిన పెళ్లి సంబంధం, మునిగిన ఊరు, ఏదీ నిజంగా పోయినట్టు కాదు. ఇక పాఠకుడికి దేనిమీదా టెన్షన్ ఉండదు. ప్రతి కష్టం దగ్గరా 'ఇప్పుడెందుకు తిప్పలేదు' అని అడుగుతాడు, ఆ ప్రశ్న న్యాయమైనదే.

మునకగిన్నెకి మేం ఇచ్చిన పని ఇది. తొమ్మిది కోనల నీళ్లూ ఒక కోనేటికి చేరతాయి. కోనేటి మధ్య రాతి మండపం, అందులో ఒక తొట్టి, ఆ తొట్టిలో ఈ గిన్నె తేలుతుంటుంది. గిన్నె అడుగున సూదిమొనంత రంధ్రం. అందులోంచి నీళ్లు మెల్లగా ఎక్కి గిన్నె మునిగితే నాడంతటా ఒక ఘడియ గడుస్తుంది. వంతులో ఉన్న మనిషి దాన్ని తీసి, నీళ్లు వంచి, మళ్లీ తేలవేసి గంట కొట్టాలి. ఎవరైనా ఆ రంధ్రాన్ని వేలితో మూస్తే ఆ ఘడియ కదలదు. మనుషులు, పక్షులు, పొయ్యిలో మంట, మెట్ల మీది ఎండ, అన్నీ ఎక్కడివక్కడే నిలిచిపోతాయి. మెలకువగా ఉండేది వేలు పెట్టిన మనిషి ఒక్కరే.

ఇందులోని కట్టడి గమనించండి. వేలు తీస్తే కాలం కదులుతుంది కాబట్టి, కాలాన్ని ఆపిన మనిషి అక్కణ్నించి లేవలేదు. దొంగతనం చేయలేదు, శత్రువు మీదికి పోలేదు. ఆలోచించుకోవచ్చు, ఏడవచ్చు, ఎదురుగా నిలిచిపోయిన ముఖాన్ని చూసుకోవచ్చు, అంతే. మా వరండాలో ఒక అమ్మాయి చెప్పిన మొదటి కథ ఇక్కణ్నించే పుట్టింది. పెళ్లయి అత్తగారింటికి పోతున్న అక్క కోనేటి మెట్ల మీద నిలబడి సెలవు తీసుకుంటుంటే, చెల్లెలు ఇంకాసేపు చూసుకోవడానికి ఘడియను నిలుపుతుంది. కత్తులు, సైన్యాలు ఏవీ లేని ఆ కథంటే మా అందరికీ ప్రాణం.

ఇంట్లో చేసి చూడండి

ఈ మెట్టు దయచేసి వదలొద్దు. మీరు ఊహించే వస్తువుకి దగ్గరగా ఉన్న అసలు వస్తువు ఏదో ఒకటి లోకంలో ఉంటుంది. దాన్ని చేతిలోకి తీసుకోండి.

గడియారాలు రాకముందు మన దేశంలో ఘడియలు కొలిచింది ఇలాంటి రంధ్రం ఉన్న రాగి గిన్నెతోనే. అది ఒకసారి మునిగితే ఒక ఘడియ, అంటే 24 నిమిషాలు. పగలూ రాత్రీ కలిపి 60 మునకలు. రెండు ఘడియలు ఒక ముహూర్తం. ఏడున్నర ఘడియలు ఒక జాము. కిందికి దిగితే ఘడియలో 60వ వంతు విఘడియ, అది 24 సెకన్లు. గిన్నె లేకపోతే నోటితో కొలిచే పద్ధతి కూడా ఉంది: దీర్ఘాక్షరాలు సమంగా 60 పలికితే ఒక విఘడియ. ఈ కొలతలు కథలో వాడుకోవడానికి ఎంత బాగుంటాయో! 'అరగంటలో వస్తాను' అనే పాత్రకీ 'ఘడియలో వస్తాను' అనే పాత్రకీ మధ్య ఒక లోకమే మారిపోతుంది.

గోవిందరాజస్వామి గుడి చుట్టుపక్కల పాత్రల అంగళ్లలో సన్నటి రేకుతో చేసిన చిన్న రాగి గిన్నె దొరుకుతుంది. రాగి వద్దనుకుంటే సత్తు గిన్నె చాలు. అడుగున నట్టనడుమ సన్న మేకుతో చిల్లు వేయండి. వెడల్పాటి బేసిన్‌లో నీళ్లు పోసి, గిన్నెను అల్లాడకుండా వదలండి. ఫోన్‌లో స్టాప్‌వాచ్ పెట్టండి. మొదటిసారి చాలా త్వరగా మునుగుతుంది. చిల్లుని తేనెమైనంతో పూడ్చి, సూదితో మళ్లీ పొడిచి, ఇంకా సన్నది చేయండి. 24 నిమిషాలు కచ్చితంగా రావాలని పట్టు పట్టనక్కర్లేదు. ఇంతసేపు పడుతోంది అని రాసుకుంటే చాలు.

ఇప్పుడు ఒక్కొక్కటీ మార్చి చూడండి. గిన్నెలో ఒక గులకరాయి వేయండి. బరువుకి గిన్నె లోతుగా దిగి, నీళ్లు జోరుగా ఎక్కి, ముందే మునిగిపోతుంది. ఫ్రిజ్ నీళ్లు పోసి చూడండి. చల్లటి నీళ్లు సన్న రంధ్రంలోంచి నెమ్మదిగా ఎక్కుతాయి, మునక ఆలస్యమవుతుంది. నీళ్లలో ఒక పూరేకు వేయండి. అది తిరిగి తిరిగి రంధ్రం కిందికి చేరిందంటే గిన్నె మునగనే మునగదు. ఇక మా వైపు చాలా ఇళ్లలో బోరు నీళ్లు ఉప్పగా ఉంటాయి. అలాంటి నీళ్లతో కొన్నాళ్లు వాడి, ప్రతిసారీ తుడవకుండా ఆరనిస్తే రంధ్రం చుట్టూ తెల్లపొర కడుతుంది. మునకకి పట్టే సమయం మెల్లగా పెరుగుతూ పోతుంది. చింతపండో నిమ్మచెక్కో పెట్టి తోమితే గానీ దారికి రాదు.

ఈ నాలుగు సంగతులూ మా లోకానికి ఆచారాలు ఇచ్చాయి. మునకగిన్నెను రోజూ తెల్లవారుజామున చింతపండుతో తోముతారు. దానికి పులుపుసేవ అని పేరు. తొట్టిలో పోసే నీళ్లు మూడు మడతల గుడ్డలో వడకట్టాల్సిందే. గులకరాళ్లున్న ఒడ్డున నడిచి వచ్చినవాళ్లు పాదాలు కడిగి, కొంగు దులిపి మండపం ఎక్కాలి. ఆ కోనేట్లో పూలు వేయకూడదు. పూలు అర్పించని పుణ్యక్షేత్రం! నాడులో ఎవరికీ దీని కారణం తెలియదు. 'అమ్మవారికి పూలు పడవు' అనుకుంటారు. కారణం మీకు తెలిసి, మీ పాత్రలకి తెలియని ఆచారం ఒకటైనా ఉంచండి. కథ నడుమ ఎవరో ఒక చిన్నపిల్ల ఆ కారణం కనిపెట్టే రోజు వస్తుంది, ఆ పేజీ రాయడం చాలా ఆనందంగా ఉంటుంది.

రంధ్రం మూసుకుపోవడం గురించి మన దగ్గర ఒక పాత కథ ఉంది. పాతకాలపు గణితవేత్త భాస్కరాచార్యుడు తన కూతురు లీలావతి పెళ్లికి ముహూర్తం కొలవడానికి ఇలాంటి గిన్నెను తేలవేశాడట. ఆ అమ్మాయి వంగి చూస్తుండగా ఆమె నగలోంచి ఒక ముత్యం జారి రంధ్రానికి అడ్డుపడిందట. గిన్నె మునగలేదు, ముహూర్తం దాటిపోయింది. ఇది చరిత్ర కాదు, జనం చెప్పుకున్న కథ. అయినా కాలాన్ని నిలిపే వస్తువు గురించి రాసేవాళ్లంతా గుర్తుంచుకోవాల్సిన కథ. ఒక అమ్మాయి జీవితం మారడానికి మంత్రం అక్కర్లేకపోయింది, ఒక ముత్యపు గింజ చాలింది. తొమ్మిదికోనల నాడులో మండపం ఎక్కే ఆడవాళ్లు ముక్కుపుడక తీసి మెట్ల దగ్గర పెట్టి వెళ్లడం ఈ కథ విన్నాక వచ్చిందే. ముత్యంతో రంధ్రం మూస్తే వేలు అక్కర్లేదు కదా. అప్పుడు కాలాన్ని ఆపిన మనిషి లేచి నడవగలదు. మా లోకంలో అన్నిటికన్నా పెద్ద నేరం అదే.

సేవను పంచండి

పవిత్రత ఎలా రాయాలో తెలియకపోతే తిరుమలలో ఒక రోజు ఎలా నడుస్తుందో తెలుసుకోండి. తెల్లవారుజామున సుప్రభాతం వేళ దివిటీ పట్టుకుని ముందు నడిచేది సన్నిధి గొల్ల. రాత్రి ఏకాంతసేవలో లాలి పాడేది అన్నమయ్య వంశమైన తాళ్లపాకవాళ్లు. పూలు తెచ్చేవాళ్లు వేరు, వంట చేసేవాళ్లు వేరు. ఒక్క రోజులో ఎన్ని చేతులు! ఏ పనీ మరొక పనికి తక్కువ కాదు. వంశపారంపర్యంగా వచ్చే మిరాశీ హక్కులు 1987 చట్టంతో రద్దయినా, ఎవరి సేవ ఏమిటన్నది ఇప్పటికీ ఆ గుడి రోజుని నిలబెడుతోంది.

వీటిలో నాకు మరీ ఇష్టమైనది కొలువు. పొద్దున స్వామికి దర్బారు జరుగుతుంది. ఆ రోజు తిథి, వారం, నక్షత్రం చదివి వినిపిస్తారు. ముందురోజు హుండీ లెక్క చెబుతారు. నువ్వులు, బెల్లం కలిపి దంచిన పొడి నైవేద్యం పెడతారు. కాలానికి అతీతుడని మనం మొక్కే దేవుడికి ఈ రోజు ఏ రోజో ఒక మనిషి రోజూ చెబుతున్నాడు. పంచాంగం అంకెలు దిద్దే నాకు ఈ సంగతి ఎంత ధైర్యమో చెప్పలేను. తప్పు లేకుండా చూడాల్సిన పని అని ప్రతి పేజీకీ అనిపిస్తుంది.

మీ వస్తువుకీ ఇలాంటి కొలువు ఒకటి పెట్టండి. మునకగిన్నెకి రోజూ మొదటి మునకకి ముందు, నిన్న ఎన్ని మునకలు సాగాయి, ఎన్ని నిలిచాయి, ఎవరు నిలిపారు అని చదివి వినిపిస్తారు. చదివే కుటుంబం వేరు, తేలవేసే కుటుంబం వేరు, గంట కొట్టే కుటుంబం వేరు. చదివేవాళ్లకి గిన్నెను ముట్టే హక్కు లేదు. ముట్టేవాళ్లకి లెక్క రాసే హక్కు లేదు. ఇలా పంచితే విలన్ కోసం వెతకాల్సిన పని ఉండదు. ఒక కుటుంబానికి పిల్లలు లేకపోవడం, ఇద్దరు అన్నదమ్ములకి ఒకే వంతు రావడం, ఒకావిడ ముసలితనంలో గంట చప్పుడు వినలేకపోవడం, ఇవన్నీ కథలే.

పుట్టుకతోనే ఎంపికైన వీరుడు రావాలా అని పిల్లలు అడిగారు. వద్దన్నాను. వస్తువు ఒకణ్ని ఎంచుకుంటే మిగతా తొమ్మిది కోనల జనం ప్రేక్షకులైపోతారు.

దానికి లొంగనిది ఒకటి ఉండాలి

కాలాన్ని నిలిపే వస్తువు అన్నిటినీ నిలపగలిగితే, నిలిచిందని ఎవరికీ తెలియదు. ఎవరికీ తెలియని నేరానికి కథ ఉండదు. అందుకే ఆ వస్తువుకి లొంగని సంగతి ఒక్కటి పెట్టండి. ఒక్కటే పెట్టండి. అది ఎక్కడినుంచో ఊడిపడకుండా, వస్తువు సేవలోంచే రావాలి.

మా లోకంలో మునకగిన్నెను రోజూ శుభ్రం చేసేది పులుపు. గిన్నెను తోమే పులుపుమీద గిన్నెకి అధికారం లేదు అని తేల్చుకున్నాం. అంటే కాలం ఆగినా పులవడం ఆగదు. ఘడియ నిలిచిపోయినప్పుడు మనిషి నిలిచిపోతాడు, మంట నిలిచిపోతుంది, కుండలో పెరుగు మాత్రం పులుస్తూనే ఉంటుంది. శ్రీకాళహస్తి కలంకారీలో నలుపు కోసం ఇనుప ముక్కలు, బెల్లం నీళ్లలో వేసి రోజుల తరబడి పులియబెడతారు. తొమ్మిదికోనల అద్దకంవాళ్లు కూడా అదే చేస్తారు. వాళ్ల కుండలో నలుపు అనుకున్నదానికంటే ముందే తయారైందంటే, ఎవరో కాలాన్ని పట్టి ఉంచారన్నమాట. మా నాడులో రాజు ఆ సంగతి తెలుసుకునేలోపే అద్దకంవాళ్లకీ, మజ్జిగ అమ్మేవాళ్లకీ తెలిసిపోతుంది.

ఈ నియమం పాఠకుడికి ఎలా చెప్పాలంటే, ఎవరిచేతా ఉపన్యాసం ఇప్పించకుండా ఒక చిన్న సంభాషణతో చెప్పాలి. మేం రాసుకున్నది ఇది:

"అవ్వా, మజ్జిగ ఇంత పులిసిందేమి? పొద్దున్నే కదా చిలికింది?"

అవ్వ చెంబు అందుకుని ఒక గుక్క నోట్లో పోసుకుంది. వెంటనే మింగలేదు. కోనేటి వైపు తిరిగింది.

"ఈ పొద్దు గిన్నెకాడ వంతు ఎవురిది రా నాయనా?"

"మా చిన్నాయనది."

"పోయి చూసి రా. పలకరించబాకు. నిద్రపోతా వుండాడా, మేలుకోని వుండాడా, అది చెప్పు సాలు."

చివరి ప్రశ్న ఎందుకు అడిగిందో తెలియాలంటే కాలాన్ని నిలిపినదానికి చెల్లించే వెల గురించి చెప్పాలి.

వెల ఒంటికి తెలియాలి

ప్రాణం పోవడం, రాజ్యం కూలడం మరీ పెద్ద వెలలు. అవి రోజూ వాడే వస్తువుకి నప్పవు. మునకగిన్నెను ఒక ఘడియ నిలిపినవాళ్లకి ఒక రాత్రి నిద్ర పోతుంది. ఆ రాత్రి కళ్లు మూతపడవు. రెండు నిలిపితే రెండు రాత్రులు. అంతే. నిద్రలేని రాత్రి ఎలా ఉంటుందో ప్రతి పాఠకుడికీ తెలుసు, వివరించనక్కర్లేదు. బిడ్డకి ప్రాణం మీదికి వచ్చినప్పుడు వైద్యుడి రాక కోసం కాలాన్ని పట్టుకుని కూర్చుంటే ప్రయోజనం లేదు, ఎందుకంటే వైద్యుడూ దారిలో నిలిచిపోతాడు. అయినా ఒక తల్లి పట్టుకుని కూర్చుంటుంది. పక్షులు అరవని ఆ ఘడియలు పెరిగి పెరిగి ఆమెకి జన్మలో ఇక నిద్ర లేకుండా పోతుంది. పై సంభాషణలో ఉన్న అవ్వ ఆవిడే.

వెలను ఎంత ఖచ్చితంగా చెబితే లోకం అంత గట్టిగా నిలబడుతుంది. ఇందుకు మన పురాణాల్లో కకుద్మి అనే రాజు కథ ఉంది. కూతురు రేవతికి తగిన వరుడెవరో అడగడానికి కకుద్మి ఆమెను వెంటబెట్టుకుని బ్రహ్మలోకానికి వెళ్తాడు. అక్కడ గానం జరుగుతుంటే అయిపోయేదాకా ఆగుతాడు. తరవాత తన మనసులో ఉన్న వరుల పేర్లు చెబితే బ్రహ్మ నవ్వుతాడు. ఈలోపు భూమ్మీద 27 మహాయుగాలు గడిచాయి, వాళ్లే కాదు, వాళ్ల మనవల పేర్లు కూడా ఇప్పుడు వినిపించవు అంటాడు. కాలం అలా ఎందుకు గడిచిందో ఆ కథ వివరించదు. ఎంత గడిచిందో మాత్రం అంకెతో చెబుతుంది, ఏం పోయిందో పేర్లతో చెబుతుంది. మనం చేయాల్సింది కూడా అదే.

లెక్క పుస్తకం పెట్టండి

ఇది నా పనిలోంచి వచ్చిన సలహా. ఒక నోటుబుక్ తీసుకుని మీ లోకపు పంచాంగం ఒక నెలకి రాయండి. అచ్చమైన కాలం కూడా గీటు గీసినట్టు నడవదని అప్పుడు తెలుస్తుంది. మన తిథులే చూడండి. ఒక్కోటి ఒక్కో పొడవు, 24 గంటలకి ఎక్కువో తక్కువో. సూర్యోదయానికి ఉన్న తిథే ఆ రోజు తిథి. ఒక తిథి సూర్యోదయం తరవాత మొదలై మరుసటి సూర్యోదయానికి ముందే అయిపోతే దానికి సొంత రోజంటూ ఉండదు. ఇంకో తిథి రెండు సూర్యోదయాలను తాకి రెండు రోజులు కూర్చుంటుంది. చాంద్రమానానికీ సౌరమానానికీ తేడా పెరిగినప్పుడు ఏకంగా ఒక నెలే అదనంగా వస్తుంది. 2023లో అధిక శ్రావణం వచ్చింది. అలా అధికమాసం వచ్చిన ఏడాది తిరుమలలో బ్రహ్మోత్సవాలు రెండుసార్లు జరుగుతాయి. ఆకాశంలో జరిగిన సర్దుబాటు మాడవీధుల్లో ఇంకొక ఉత్సవమై కనిపిస్తుంది. మీ లోకంలో కూడా కాలం మారినప్పుడు జనం చేసే పని ఏదో ఒకటి మారాలి.

మేం రాసుకున్న నియమం: సొంత రోజు లేని తిథి నాడు గంట కొట్టేవాళ్లు గంటకి గుడ్డ చుట్టి కొడతారు. ఎందుకో మాకూ ఇంకా తేలలేదు. తేలేదాకా అలాగే ఉంచాం.

నోటుబుక్‌లో రెండో భాగం నిలిచిన ఘడియల చిట్టా. ఏ రోజు, ఎవరు, ఎంతసేపు, ఎందుకని చెప్పారు. కథలో రాని సంగతులు కూడా ఇందులో రాయండి. పాత్రలు పదే పదే గుర్తుచేసుకునే గతం ఇక్కడే తయారవుతుంది.

బాగా పాతదైన సంఘటన ఒకటి కావాలంటే నేలమీద ఆనవాలు పెట్టండి. తిరుమల ఘాట్ రోడ్డులో ఒకచోట కింద పాత గ్రానైట్, దానిమీద పొరలు పొరలుగా క్వార్ట్‌జైట్ అనే గట్టి రాయి కనిపిస్తాయి. ఈ రెండూ కలిసేచోట పదుల కోట్ల ఏళ్ల రాతి చరిత్ర లేనేలేదు. ఆ కాలానికి చెందిన పొర అక్కడ మిగల్లేదు. జియలాజికల్ సర్వే ఆఫ్ ఇండియా దాన్ని జాతీయ భూవైజ్ఞానిక స్మారకంగా గుర్తించింది. కాలం తప్పిపోయిన చోటుని చేత్తో తాకవచ్చు! మా నాడులో తొమ్మిదో కోన గోడమీద అలాంటి గీత ఉంది. మొదటి గిన్నెను ఎవరో ముత్యంతో మూసి వదిలేసిన కాలం అదేనని చెప్పుకుంటారు.

అరిగిన గిన్నె

చాలామంది కథ చివర ఆ వస్తువుని పగలగొట్టేస్తారు. నాకు అది నచ్చదు. ఇన్ని చేతులు ఇన్ని తరాలు సేవ చేసినదాన్ని ఒక్క దెబ్బతో పగలగొడితే, ఆ సేవంతా మనం ఉత్తిదే అన్నట్టు. పవిత్ర వస్తువు పాతబడుతుంది. పాతబడితే ఏం చేయాలో సంప్రదాయానికి తెలుసు. తిరుమలలో పన్నెండేళ్లకోసారి అష్టబంధన బాలాలయ మహాసంప్రోక్షణ అనే మరమ్మతు క్రతువు చేస్తారు. 2018 ఆగస్టులో జరిగింది. ఆ రోజుల్లో స్వామి శక్తిని కలశంలోకి ఆవాహన చేసి, మరమ్మతు అయ్యాక మళ్లీ మూలమూర్తిలోకి చేరుస్తారు. మీ కథకి ముగింపు ఇలాంటి చోట వెతకండి.

తరాల తరబడి చింతపండు పెట్టి తోమితే రాగి అరుగుతుంది, రంధ్రం పెద్దదవుతుంది. రంధ్రం పెద్దదైతే గిన్నె ముందే మునుగుతుంది. అంటే తొమ్మిదికోనల నాడులో ఘడియ తరతరానికీ పొట్టిదైపోతోంది. మనుషులూ ఎండా అన్నీ గిన్నెతోపాటే పరిగెడతాయి కాబట్టి ఎవరికీ తెలియదు. పులుపు ఒక్కటే చెబుతుంది: అవ్వల కాలంలో ఇరవై ఘడియలకి తోడుకున్న పెరుగుకి ఇప్పుడు ఇరవై రెండు పడుతోంది. కొలువులో ఈ మాట మొదటిసారి చదివిన రోజునుంచి మా ఆఖరి కథ మొదలవుతుంది. కొత్త గిన్నె చేయాలి. పాతది తీసి కొత్తది పెట్టే మధ్యలో కాలాన్ని ఎవరు నడుపుతారు? నోటితో దీర్ఘాక్షరాలు లెక్కపెట్టి, విఘడియ తరవాత విఘడియగా ఒక మనిషి నడపాలి. అక్షరం తడబడినా, కునుకు పట్టినా ఎక్కడికక్కడ నిలిచిపోతుంది. ఆ పనికి నాడంతటా అవ్వ ఒక్కతే తగినది, ఆమెకి నిద్రే రాదు కాబట్టి.

మీరు కూడా మొదటి పేజీకి ముందే ఈ చివరి మార్పిడి గురించి తేల్చుకుని పెట్టుకోండి. వస్తువు దేనివల్ల అరుగుతుంది, కొత్తది ఎవరు చేస్తారు, మధ్యలో ఎవరు మోస్తారు. ఇంకొకటి, కొత్తదాన్ని ఏ కొలతకి చేయాలి? చేసిననాటి పాత గిన్నె కొలతకా, జనం అలవాటు పడిపోయిన అరిగిన కొలతకా? పాత కొలతకి చేస్తే, ఇన్నాళ్లూ ఘడియ తక్కువై బతికినవాళ్లందరికీ ఒక్కసారిగా రోజు పొడవైపోతుంది. అరిగిన కొలతకే చేస్తే తరుగు శాశ్వతమైపోతుంది. మా వరండాలో పిల్లలు ఎక్కువమంది అరిగిన కొలతే అంటున్నారు, జనం అలవాట్లు చెడగొట్టకూడదని వాళ్ల వాదన. నేను పాత కొలత వైపు ఉన్నాను.